చలిమంటకు ఏ పాత్ర మంచిది? డ్రమ్ము, తట్ట, కుంపటి ఎంచుకునే పద్ధతి

డిసెంబరు వచ్చేసరికి ఆదిలాబాద్, ఆసిఫాబాద్ ప్రాంతాల్లోనూ, అటు లంబసింగి, అరకు వైపునా తెల్లవారుజామున ఉష్ణోగ్రత ఒక అంకెకు పడిపోతుంది. చలి కాచుకోవడం మనకు కొత్త కాదు. మన పెద్దవాళ్ళు వాకిట్లో మట్టి నేల మీదే నెగడు వేసుకునేవారు; కింద మట్టి, చుట్టూ ఖాళీ జాగా ఉండేవి కాబట్టి పాత్ర అనే ప్రశ్నే రాలేదు. ఇప్పుడు వాకిళ్ళకు బండలు పరిచాం, పెరళ్ళకు సిమెంటు పోశాం, అపార్టుమెంట్లలో మట్టి కావాలంటే పూలకుండీలోనే వెతుక్కోవాలి. అందుకని మంటను ఏదో ఒక పాత్రలో పెట్టవలసి వస్తోంది, ఆ పాత్ర కూడా చాలాసార్లు చేతికి అందిన పాత బకెట్టో, రంగు డబ్బానో, మూల పడి ఉన్న డ్రమ్మో అవుతోంది.

నలుగురైదుగురు చుట్టూ కూర్చుని చలి కాచుకునే చిన్న కట్టెల మంటకు పాత్రను ఎలా ఎంచుకోవాలో, ఎలా సిద్ధం చేసుకోవాలో ఈ వ్యాసంలో వరుసగా వివరిస్తాను. ఇదంతా ఆరుబయట మంట గురించి మాత్రమే. పాత్ర ఎంత మంచిదైనా నిప్పులను గదిలోకి, కారు షెడ్డులోకి, మూసిన వరండాలోకి తీసుకుపోకూడదు. బొగ్గులు పొగ లేకుండా ఎర్రగా కణకణలాడుతున్నప్పుడే కార్బన్ మోనాక్సైడ్ ఎక్కువగా వెలువడుతుంది; దానికి రంగు, వాసన ఉండవు కాబట్టి నిద్రలో ఉన్న మనిషికి తెలిసే దారి లేదు.

మొదటి అడుగు: ఎంత మంట కావాలో తేల్చుకోండి

పాత్ర పెద్దదైతే మంట కూడా పెద్దదవుతుంది, ఎందుకంటే ఖాళీ కనిపిస్తే కట్టె వేయకుండా ఉండలేం. ఐదారుగురికి 45 నుంచి 60 సెంటీమీటర్ల వ్యాసం, 20 నుంచి 30 సెంటీమీటర్ల లోతు ఉన్న పాత్ర సరిపోతుంది. లోతు మరీ తక్కువైతే కాలుతున్న కట్టె దొర్లి బయట పడుతుంది. మరీ ఎక్కువైతే అడుగుకు గాలి అందక పొగ వస్తుంది, పైగా సెగ నేరుగా పైకి పోతుందే తప్ప చుట్టూ కూర్చున్నవారి కాళ్ళకు తగలదు. కోయని పూర్తి ఎత్తు డ్రమ్ములో మంట వేసి, చలి తగ్గలేదని ఇంకా ఇంకా కట్టెలు పేర్చేవారిని మీరూ చూసే ఉంటారు.

రెండో అడుగు: పాత్ర పూర్వచరిత్ర అడగండి

అన్నిటికన్నా ముఖ్యమైనది ఇదేనని నా అభిప్రాయం. పాత్ర ఎంత దిట్టంగా ఉన్నదో అందరూ చూస్తారు, ఇంతకు ముందు అందులో ఏముండేదో మాత్రం అడగరు. తుక్కు దుకాణంలో వరుసగా నిలబెట్టిన 200 లీటర్ల డ్రమ్ములు పైకి ఒకేలా ఉంటాయి. వాటిలో ఒకటి ఇంజనాయిలుదైతే మరొకటి థిన్నరుదో, పురుగుమందుదో, పరిశ్రమల్లో వాడే రసాయనానిదో కావచ్చు. చీటీ చిరిగిపోయి, ఏముండేదో దుకాణదారు చెప్పలేని డ్రమ్మును ఎంత చవకగా ఇచ్చినా తీసుకోకండి.

ఇక్కడ ఒక ప్రమాదం గురించి విడిగా చెప్పాలి. మూత బిగించిన ఖాళీ డ్రమ్మును సగానికి కోయించాలని గ్యాస్ కట్టరు దగ్గరకు తీసుకువెళ్ళడం ప్రాణాంతకం. ద్రవం ఒలికిపోయినా దాని ఆవిరి లోపలే ఉంటుంది, గాలితో కలిసిన ఆ ఆవిరికి కట్టరు మంటగానీ గ్రైండరు రవ్వగానీ తగిలితే డ్రమ్ము బాంబులా పేలుతుంది. పైపైన నీళ్ళతో కడిగినంత మాత్రాన ఆవిరి పోయిందని నమ్మలేం, అతుకుల మధ్య, అంచు మడతల్లో మిగిలిన చమురు వేడికి మళ్ళీ ఆవిరి అవుతుంది. నిండు డ్రమ్ము కన్నా ఖాళీ డ్రమ్ముతోనే జాగ్రత్త ఎక్కువ కావాలని అనుభవమున్న వెల్డర్లు అందుకే అంటారు.

డ్రమ్మే కావాలనుకుంటే పైమూత మొత్తం ఊడివచ్చే రకం, అందులోనూ ఆహారపదార్థాలకు వాడినది వెతకండి. చిత్తూరు ప్రాంతపు మామిడి గుజ్జు కర్మాగారాల్లో గుజ్జును సంచిలో నింపి, ఆ సంచిని ఇలాంటి ఇనుప డ్రమ్ములో పెట్టి పంపుతారు. గుజ్జు ఇనుముకు తగలదు, మూత పట్టీ విప్పితే పైభాగమంతా తెరుచుకుంటుంది, లోపల ఏముందో చేయి పెట్టి చూసుకోవచ్చు. సంచి ముక్కలు లేకుండా శుభ్రం చేసి, తెరిచి ఉంచిన డ్రమ్మునే కోతకు ఇవ్వండి. 88 సెంటీమీటర్ల ఎత్తున్న డ్రమ్మును సగానికి కోస్తే 44 వస్తుంది, చలిమంటకు అది కూడా ఎక్కువే. అడుగు నుంచి 30 సెంటీమీటర్ల దగ్గర కోయించి, అంచును గ్రైండరుతో నున్నగా చేయించుకోవడం మేలు.

తారు డ్రమ్ముల జోలికి పోకండి. గోడలకు పట్టిన తారు మొదట కరిగి, తర్వాత అంటుకుని, నల్లటి పొగతో చాలాసేపు మండుతుంది. పాత గ్యాస్ సిలిండరును, ఫ్రిజ్ కంప్రెసరు డొక్కును కోసి పొయ్యి చేయడం వీడియోల్లో సులువుగానే కనిపిస్తుంది, అయినా అది ఇంటి దగ్గర చేయదగిన పని కాదు.

మూడో అడుగు: లోహం ఏదో, పూత ఏదో గుర్తించండి

వంటింట్లో సిల్వర్ గిన్నె, సత్తు గిన్నె అని పిలిచేది నిజానికి అల్యూమినియం. అది 660 డిగ్రీల సెల్సియస్ దగ్గర కరుగుతుంది. గాలి బాగా తగులుతున్న నిప్పుల కుప్ప ఆ వేడిని తేలికగా దాటుతుంది. పాత సిల్వర్ డేగిసాలో మంట వేస్తే అడుగు ముందు మెత్తబడి కుంగుతుంది, తర్వాత చిల్లి పడి నిప్పులు కిందికి జారతాయి. అయస్కాంతం అంటుకోకపోతే అల్యూమినియమైనా కావచ్చు, స్టెయిన్‌లెస్ స్టీలైనా కావచ్చు. చేత్తో ఎత్తితే తేడా తెలుస్తుంది, ఒకే మందానికి అల్యూమినియం స్టీలులో దాదాపు మూడో వంతు బరువే ఉంటుంది.

అయస్కాంతం అంటుకున్నంత మాత్రాన నిశ్చింతగా ఉండటానికి లేదు, ఎందుకంటే జింక్ పూత వేసిన జీఐ బకెట్టుకు కూడా అది అంటుకుంటుంది. ఆ పూతను కంటితో గుర్తించవచ్చు: బూడిదరంగు మెరుపులో అభ్రకం పలుకులు అతికించినట్టు పెద్ద పెద్ద మచ్చలు కనిపిస్తాయి. పాతబడ్డ బకెట్టులో ఆ మచ్చలు మాసిపోయి మసక తెలుపు పొడి కడుతుంది. జింక్ దాదాపు 420 డిగ్రీలకు కరుగుతుంది, ఇంకా వేడెక్కితే తెల్లటి పొగగా లేస్తుంది. ఆ పొగ పీలిస్తే కొన్ని గంటల తర్వాత చలిజ్వరం, ఒళ్ళునొప్పులు, నోట్లో లోహపు రుచి మొదలవుతాయి. సాధారణంగా ఒకటి రెండు రోజుల్లో తగ్గిపోయే ఈ జబ్బు జీఐ పైపులు అతికే వెల్డర్లకు బాగా తెలుసు. ఆరుబయట ఒక్కసారి మంట వేస్తే ఏమవుతుందిలే అని వాదించేవారు ఉన్నారు. గాలి బాగా ఆడే చోట చాలాసార్లు ఏమీ కాకపోవచ్చు కూడా, కానీ చలిమంట దగ్గర అందరికన్నా ముందుకు జరిగి కూర్చునేది పసిపిల్లలు, ముసలివాళ్ళు. యాసిడ్ పోసి పూత తీసేద్దామని కొందరు చూస్తారు. ఆ ఘాటు ఆవిరి, దానితో పాటు పుట్టే హైడ్రోజన్ వాయువు కొత్త ప్రమాదాలు. జీఐ బకెట్టును నీళ్ళకే ఉంచండి.

15 కిలోల నూనె డబ్బా చాలామందికి మొదట తోచే పాత్ర. దాని రేకు మందం మిల్లీమీటరులో మూడో వంతు కూడా ఉండదు. పైన ఉండే తగరపు పూత 232 డిగ్రీలకే కరిగిపోతుంది, ఆ తర్వాత తుప్పు పట్టడానికి రెండు రాత్రుల మంచు చాలు. అత్యవసరంగా ఒక్క పూట వాడవచ్చునేమో గానీ, మూలకు పెట్టి మళ్ళీ వాడాల్సిన వస్తువు కాదు.

పాత వాషింగ్ మెషిన్ డ్రమ్ము మాత్రం మంచి ఎంపికే. స్టెయిన్‌లెస్ స్టీలు, చుట్టూ చిల్లులు ఉండటం వల్ల గాలి బాగా అంది పొగ తగ్గుతుంది. అయితే దాన్ని ఉన్నది ఉన్నట్టుగా వాడకూడదు. పైనుంచి బట్టలు వేసే రకంలో డ్రమ్ము మూతి చుట్టూ ఉప్పునీళ్ళు నింపిన ప్లాస్టిక్ చక్రం ఉంటుంది, ముందునుంచి వేసే రకంలో లోపలి గోడలకు ప్లాస్టిక్ రెక్కలు, వెనకవైపు అల్యూమినియం మిశ్రమంతో చేసిన మూడు చేతుల దిమ్మ ఉంటాయి. ఇవన్నీ విప్పేసి, మిగిలినది పూర్తిగా స్టీలేనని తేల్చుకున్న తర్వాతే కాళ్ళు పెట్టించండి. చిల్లుల్లోంచి రవ్వలు రాలుతాయి కాబట్టి కింద వెడల్పాటి ఇనుప పళ్ళెం తప్పనిసరి.

నాకు అన్నిటికన్నా నచ్చినది మాత్రం ట్రాక్టరు డిస్కు నాగలి పాత పళ్ళెం. అరిగిపోయాక వ్యవసాయ పనిముట్ల మరమ్మతు షాపుల్లో, తుక్కు దుకాణాల్లో తూకానికి దొరుకుతుంది. గట్టి ఉక్కు, సహజంగానే పుటాకారం, చాలా ఏళ్ళు నిలుస్తుంది. లోతు తక్కువ కాబట్టి చుట్టూ నాలుగు అంగుళాల ఇనుప పట్టీ అతికించాలి, మధ్యలో ఉన్న చిల్లులను రేకుతో మూయించాలి, నేలను కోసి కోసి కత్తిలా పదునెక్కిన అంచును గ్రైండరుతో అరగదీయించాలి. లారీ ఇనుప చక్రం కూడా పనికొస్తుంది, కాకపోతే టైరు పూర్తిగా తీసేసినదై ఉండాలి. కార్ల అల్లాయ్ చక్రాలు అల్యూమినియంవో, కొన్నిసార్లు మెగ్నీషియం కలిసినవో కాబట్టి మంటకు దూరంగా ఉంచాలి.

మేస్త్రీలు వాడే గమేళా, కొన్ని చోట్ల ఇనుప తట్ట అనే దాని గురించి ఒక్క మాట. నల్ల ఇనుముదైతే చిన్న మంటకు బాగానే ఉంటుంది, పాతదైతే అంటుకున్న సిమెంటు పెచ్చులు ముందే రాలగొట్టాలి. ఈ మధ్య నల్లటి ప్లాస్టిక్ గమేళాలు వచ్చాయి, చీకట్లో తేడా పోల్చుకోలేక నిప్పులు పోసినవారు ఉన్నారు.

రంగు వేసిన పాత్ర ఏదైనా సరే, మొదటి మంటలోనే ఆ రంగు కాలి పొగ అవుతుంది. పాత రంగుల్లో సీసం ఉండే అవకాశం ఉంది. ఇంటి రంగుల్లో సీసం 90 పీపీఎం (పది లక్షల పాళ్ళలో 90 పాళ్ళు) మించరాదని మన దేశంలో నిబంధన వచ్చిందే 2016లో, అంతకు ముందు వేసిన రంగుకూ, పరిశ్రమల రంగుకూ ఆ భరోసా లేదు. సీసం ఉన్న రంగును కాల్చినా, ఎండుగా గీకినా అది పొగగానో ధూళిగానో మనకే చేరుతుంది, అందుచేత రంగు లేని పాత్ర వెతుక్కోవడమే తెలివైన పని.

నాలుగో అడుగు: కొత్తగా చేయించుకుంటే కొలతలు ఇలా చెప్పండి

ఊళ్ళో వెల్డింగ్ షాపు ఉంటే పాత సామాను వెతుకులాట అక్కర్లేదు. జింక్ పూత లేని మామూలు నల్ల ఇనుప రేకు అని స్పష్టంగా చెప్పాలి. 60 సెంటీమీటర్ల వ్యాసం, 25 సెంటీమీటర్ల ఎత్తు ఉన్న గుండ్రటి పాత్రకు అడుగు 5 మిల్లీమీటర్లు, గోడ 3 మిల్లీమీటర్లు పెట్టిస్తే కాళ్ళు కాక దాదాపు 22 కిలోల బరువు వస్తుంది. ఇద్దరు మనుషులు సులువుగా మోయగలరు, కుక్క తగిలినా పిల్లవాడు తన్నినా పడిపోదు. మందం 2 మిల్లీమీటర్లకు తగ్గితే వేడికి అడుగు వంకరపోతుంది.

అడుగుకు 5 సెంటీమీటర్ల పైన, గోడ చుట్టూ 12 మిల్లీమీటర్ల చిల్లులు పది పన్నెండు వేయించండి. అడుగునే చిల్లులు పెడితే గాలి బాగా అందినా నిప్పులు రాలుతాయి. వాననీరు పోవడానికి నడిమధ్యన ఒకటే చాలు, మంట వేసేటప్పుడు దాని మీద రేకుముక్క కప్పవచ్చు. కాళ్ళు మూడైతే ఎగుడుదిగుడు నేల మీద కూడా ఊగవు, కానీ అవి పాత్ర అంచు దాకా బయటికి విచ్చుకుని ఉండాలి; లోపలికి పెట్టిస్తే ఒకవైపు కట్టె బరువు పడగానే ఒరుగుతుంది. కాలి ఎత్తు కనీసం 15 సెంటీమీటర్లు ఉండాలి. మంట ఆరేదాకా పిడులు ముట్టుకోలేనంత వేడిగానే ఉంటాయి, కనుక పిడి ఉంది కదా అని మండుతున్న పాత్రను జరపకూడదు. గాలి ఎక్కువగా వీచే ఊరైతే రవ్వలు ఆపడానికి ఇనుప జల్లెడ మూత కూడా చేయించుకోండి.

పోత ఇనుము కడాయి దొరికితే వేడిని చాలాసేపు పట్టి ఉంచుతుంది. అది పెళుసు, కాలుతున్నప్పుడు చన్నీళ్ళు పడితే పగులుతుంది.

మట్టి కుంపటి, సిమెంటు వర, రాళ్ళు

కుమ్మరి చేసిన మట్టి కుంపటి బొగ్గులకు, చిన్న పుల్లలకు సరిపోతుందే గానీ దుంగలకు కాదు. కొనేటప్పుడు వేలి కణుపుతో తట్టి చూడండి; ఖంగుమని మోగితే సరే, బొంగురుగా పలికితే ఎక్కడో పగులున్నట్టు. వానకు తడిసిన కుంపటిని రెండు మూడు రోజులు ఎండబెట్టకుండా వెలిగించకూడదు. లోపల మూడు వేళ్ళ మందం పొడి ఇసుక పోసి, మొదటిసారి గుప్పెడు పుల్లలతో మాత్రమే వేడెక్కించి, చల్లారనిచ్చి, మర్నాడు అసలు మంట వేసుకోవాలి.

బావికి దించే సిమెంటు వరను నేల మీద పెట్టి మంటగుంటగా వాడటం తోటల్లో, రిసార్టుల్లో ఈ మధ్య కనిపిస్తోంది. సిమెంటు ఎండినట్టు కనిపించినా లోపల తేమ ఉంటుంది. నీరు ఆవిరిగా మారితే దాదాపు 1,600 రెట్లు వ్యాపిస్తుంది, బయటికి దారి లేకపోతే పెచ్చులను విసిరికొడుతుంది. వరనే వాడాలనుకుంటే లోపలి గోడకు రెండు అంగుళాల ఎడంతో ఎర్ర ఇటుకలు, వీలైతే కొలిమికి వాడే ఫైర్ ఇటుకలు నిలబెట్టాలి. వాగులోంచి ఏరి తెచ్చిన నున్నటి రాళ్ళను మంట చుట్టూ పేర్చడం కూడా ఇదే కారణంగా ప్రమాదం.

ఐదో అడుగు: పాత్ర కింద ఏముందో చూడండి

ఒక సంక్రాంతి సెలవుల్లో బంధువుల ఇంటి వాకిట్లో తాండూరు బండల మీద ఇనుప తట్టను నేరుగా పెట్టి చలిమంట వేశాం. గంట కూడా కాకముందే కింద నుంచి తుపాకీ పేలినట్టు శబ్దం వచ్చి తట్ట ఒక పక్కకు ఎగిరింది, రెండు కట్టెలు బయట పడ్డాయి. బండ పై పొర అరచేయంత మేర లేచిపోయింది, గోరంత పెంకు పక్కనున్న మా అన్నయ్య లుంగీకి చిల్లి పెట్టింది. తాండూరు, కడప బండలు పొరలు పొరలుగా ఉండే సున్నపురాయి, పొరల మధ్య చేరిన తేమకు సెగ తగిలితే పైపొర ఊడి లేస్తుంది. ఆ రోజు తట్టలో తప్పేమీ లేదు, మేం కింద చూసుకోలేదు.

మట్టి నేల ఉంటే అదే ఉత్తమం. బండలు, టైల్సు, సిమెంటు ఉన్న చోట పాత్రకు కాళ్ళు ఉండటంతో పాటు, కింద ఒక వరుస ఇటుకలు, వాటి మీద రెండు అంగుళాల పొడి ఇసుక వేయాలి. ఈ పరుపు పాత్ర కన్నా అన్నివైపులా ఒక అడుగు ఎక్కువ ఉంటే రాలిన రవ్వ అక్కడే ఆగుతుంది. డాబా మీద మంటను నేను సిఫారసు చేయను. శ్లాబుకు వేసిన వాటర్‌ప్రూఫ్ పూత పాడవుతుంది, పైన తీగలకు ఆరేసిన బట్టలు, పక్కన ప్లాస్టిక్ నీళ్ళ ట్యాంకు, దాని పైపులు ఉంటాయి. గోడకు, కారుకు, చెట్టు కొమ్మకు కనీసం 3 మీటర్ల దూరం పాటించండి. గడ్డివాము, తాటాకు పాక ఉంటే ఎన్ని మీటర్లు అని లెక్కపెట్టడం కన్నా అవి కనిపించనంత దూరం పోవడం మేలు. అరకు, లంబసింగి వైపు విహారానికి వెళ్ళేవారు రిజర్వు అడవిలో మంట పెట్టడం నేరమని గుర్తుంచుకుని, బస చేసిన చోట అనుమతించిన జాగాలోనే వేసుకోవాలి.

ఆరో అడుగు: మొదటి మంటను పరీక్షగా వేయండి

పిల్లలను పిలవకముందే, పగటిపూట, చిన్న మంట ఒకటి అరగంట వేసి చూడండి. అడుగు కుంగుతోందా, అతుకు విచ్చుకుంటోందా, తెల్లటి లేదా రంగు కాలిన ఘాటు పొగ వస్తోందా, కాళ్ళు నేలలో దిగబడి ఒరుగుతున్నాయా గమనించండి. పాత్ర కింద ఇసుకలో చేయి పెట్టి చూడండి, భరించలేనంత వేడిగా ఉంటే ఇటుకలు ఇంకో వరుస పెంచాలి. పక్కన బకెట్టు నీళ్ళు, ఒక తట్టెడు ఇసుక, పొడుగాటి పట్టకారు లేకుండా అగ్గిపుల్ల గీయకూడదు.

కట్టెల విషయం క్లుప్తంగా చెబుతాను. తుమ్మ, సరుగుడు, మామిడి బాగా ఎండినవి వాడండి. రెండు కట్టెలు కొడితే టంగుమనాలి. కణుపుల మధ్య మూసుకుని ఉండే వెదురును చీల్చకుండా వేస్తే పేలుతుంది. గన్నేరు కొమ్మల పొగ విషం. రంగు వేసిన తలుపు చెక్కలు, ప్లైవుడ్, రసాయనం పట్టించిన కలప, టైర్లు, ప్లాస్టిక్ భోగి నాడు కూడా వద్దు. చెత్తను బహిరంగంగా తగలబెడితే 5,000 రూపాయల జరిమానా అని జాతీయ హరిత ట్రిబ్యునల్ 2016 డిసెంబరులోనే చెప్పింది. మండుతున్న పాత్రలో కిరోసిన్, పెట్రోలు, శానిటైజరు పోయడం వల్ల మంట సీసాలోకి ఎగబాకుతుంది. నైలాన్ చీర, పాలిస్టరు చున్నీ వేలాడకుండా ముడి వేసుకోమని పక్కవారికి చెప్పడానికి మొహమాటపడకండి. చేయి కాలితే పేస్టు, పసుపు, ఇంకు పూయకుండా 20 నిమిషాలు ధారగా చన్నీళ్ళు పోసి, గాయం పెద్దదైతే 108కి ఫోన్ చేయాలి.

ఏడో అడుగు: ఆర్పడం, బూడిద, భద్రపరచడం

పడుకోవడానికి గంట ముందే కట్టెలు వేయడం ఆపితే ఆర్పే పని తగ్గుతుంది. రేకు పాత్రలో నీళ్ళు కొంచెం కొంచెంగా చల్లుతూ, ఇనుప చువ్వతో కలుపుతూ, సుయ్యిమనే శబ్దం ఆగేదాకా కొనసాగించాలి. గుమ్మరిస్తే వేడి ఆవిరి ముఖానికి కొడుతుంది. పోత ఇనుము, మట్టి పాత్రల్లో నీళ్ళ బదులు ఇసుక కప్పాలి. నివురు గప్పిన నిప్పు అని మనం మాటవరసకు అంటాం గానీ, బూడిద కింద నిప్పు మర్నాటి దాకా, ఒక్కోసారి రెండు మూడు రోజుల దాకా బతికే ఉంటుంది. పొద్దున్నే ఊడ్చి ప్లాస్టిక్ చెత్తబుట్టలోనో, అట్టపెట్టెలోనో, ఎండుటాకుల గుంటలోనో పోస్తే రాత్రి జరగనిది మధ్యాహ్నం జరుగుతుంది. మూత ఉన్న ఇనుప డబ్బాలో పోసి, దాన్ని గోడకు దూరంగా, మట్టి మీద పెట్టి, లోపలి బూడిద పూర్తిగా చల్లబడ్డాకే మొక్కలకు వేయండి.

పాత్రలో తడి బూడిద వదిలేస్తే ఒక్క వానాకాలంలో అడుగు తినేస్తుంది. సీజను అయ్యాక గీకి, ఎండబెట్టి, పల్చగా వంటనూనె రాసి, బోర్లించి షెడ్డులో పెట్టండి. మళ్ళీ చలికాలం వచ్చినప్పుడు వెలిగించేముందు అడుగును సుత్తితో మెల్లగా కొట్టి చూడాలి. ఇనుము ఇనుములాగే పలికితే వాడుకోవచ్చు. పొరలు రాలి, సుత్తి దెబ్బకు లొత్త పడితే అతుకులు వేయించే ప్రయత్నం మాని తూకానికి ఇచ్చేయండి.